నవల కోసం కల్పిత దర్శనం: "శ్రుతి శుద్ధమైతే నడత శుద్ధం". ఎక్కడ బెడిసికొడుతుంది?

మంద్రం_స (ప్రశ్న)

నవల్లో ఒక కల్పిత మఠం ఉంది. వాళ్ల మూలసూత్రం ఇది: తీగ పొడవుల మధ్య చిన్న అంకెల నిష్పత్తి కుదిరితే సంవాదం (స్వరాలు పొందికగా పలకడం), మనుషుల మధ్య కుదిరితే ధర్మం. చేరినవాడు మొదటి ఏడాది ఏకతంత్రి (ఒకే తీగ ఉన్న వాయిద్యం) ముందు కూర్చుని తీగ కింద మెట్టు జరపడమే పని. పరీక్షకు గురువు తీగకు రెట్టింపు బరువు కట్టి తారషడ్జం (పై స్థాయి స) పలికించమంటాడు. అపస్వరం పలికించినవాడు పాపి. సంగీతం తెలిసినవాళ్లూ, తత్వశాస్త్రం చదివినవాళ్లూ నవ్వకుండా ఉండాలంటే ఏం మార్చాలి?

తీగ_బిగువు

ముందు ఆ బరువు సంగతి. రెట్టింపు బరువుకు తారషడ్జం రాదు. పౌనఃపున్యం (తీగ సెకనుకు ఎన్నిసార్లు ఊగుతుందో) తన్యత, అంటే బిగువు, వర్గమూలాన్ని బట్టి పెరుగుతుంది. రెండింతలు బరువేస్తే స్వరం 1.414 రెట్లే లేస్తుంది, అంటే ఇంచుమించు ప్రతిమధ్యమం (పంచమానికి సరిగ్గా కిందున్న స్వరం) దగ్గర ఆగుతుంది. తారషడ్జానికి నాలుగింతలు, పంచమానికి రెండుంబావు ఇంతలు కావాలి. గ్రీకు గణితవేత్త పైథాగరస్ కమ్మరి సుత్తుల మోతలు విని స్వర నిష్పత్తులు పట్టాడన్న కథలో ఉన్నది సరిగ్గా ఈ తప్పే. 12, 9, 8, 6 బరువులు వేలాడదీసి స్వరాలు కనిపెట్టాడని వెయ్యేళ్లకు పైగా పుస్తకం నుంచి పుస్తకానికి ఎక్కించుకుంటూ పోయారు. 16వ శతాబ్దంలో గెలీలియో తండ్రి విన్సెంజో తీగలకు బరువులు కట్టి తప్పని చూపించాడు. మీ గురువు ఆ పరీక్ష ఎన్నడూ స్వయంగా చేసి చూడలేదని రాస్తే కథకు పనికొస్తుంది.

పొడవుతో అయితే లెక్క నిలుస్తుంది. తీగ 90 సెం.మీ. అనుకోండి. 45 దగ్గర తారషడ్జం, 60 దగ్గర పంచమం, 67.5 దగ్గర శుద్ధమధ్యమం. మెట్టు తీగకు ఆనీ ఆననట్టుండాలి. ఎత్తు ఎక్కువైతే తీగను పైకి నెట్టి బిగిస్తుంది, స్వరం హెచ్చుతుంది. కొత్తవాడు లెక్క తప్పనుకుంటాడు, తప్పు మెట్టుది.

అసలు గొడవ గాంధారంతో. తంబురా మంద్ర తీగలో తనంతట తానే వినిపించే స్వయంభూ గాంధారం షడ్జానికి 5/4 రెట్లు, ఈ తీగ మీద 72 సెం.మీ. పంచమం మీద పంచమం చొప్పున నాలుగు సార్లు ఎక్కి, రెండు స్థాయిలు దించితే వచ్చేది 81/64, అంటే 71.1 సెం.మీ. రెండూ చిన్న అంకెల సూత్రం నుంచే పుట్టాయి, మధ్యలో తొమ్మిది మిల్లీమీటర్ల తేడా. ఏది ధర్మం? మీ మఠం చీలడానికి ఇంతకన్నా మంచి కారణం దొరకదు.

ఏథెన్స్_వీధి

తత్వశాస్త్రం వైపు నుంచి. "ఆత్మ అంటే శ్రుతే" అని మీ గురువు చేత అనిపిస్తే, గ్రీకు తత్వవేత్త ప్లేటో రాసిన "ఫీడో" సంభాషణలో ఆ మాటే అన్న సిమ్మియాస్ పడ్డ గోతిలోనే పడతారు. శ్రుతి కాస్త ఎక్కువగానో తక్కువగానో కుదరొచ్చు, కానీ ఒక ఆత్మ ఇంకో ఆత్మ కంటే ఎక్కువ ఆత్మ కాదు. కాబట్టి ఆత్మే శ్రుతి అయితే దుర్మార్గుడి ఆత్మ కూడా పూర్తి శ్రుతిలోనే ఉండాలి, ఇక దుర్మార్గమన్న మాటకే చోటుండదు. పైగా శ్రుతి తీగలు ఎలా ఉంటే అలా ఉంటుంది. ఆత్మ మాత్రం దాహమేస్తున్నా తాగకుండా ఒంటిని ఆపగలదు.

"రిపబ్లిక్" నాలుగో భాగంలో పోలిక వేరు: బుద్ధి, పౌరుషం, కోరిక అనే మూడింటినీ మంద్ర, మధ్య, తార తీగల్లా కుదుర్చుకున్నవాడు న్యాయవంతుడు. మీ సూత్రాన్ని అలా తిప్పండి. ఆత్మ శ్రుతి కాదు, తీగ బిగించే బిరడ తిప్పే చెయ్యి.

నిషిద్ధ రాగాల జాబితా పెడతారేమో, పెట్టండి. ప్లేటో గ్రీకు స్వరవరుసల్లో డోరియన్, ఫ్రిజియన్ ఉంచుకుని లిడియన్, అయోనియన్‌లను వెళ్లగొట్టాడు. రెల్లు పీక ఉన్న ఆలోస్ వాయిద్యాన్ని వద్దని దాని జతగాడు ఫ్రిజియన్‌ను ఉంచడమేమిటని అరిస్టాటిల్ తప్పుపట్టాడు. జాబితా రాసిన ప్రతివాడికీ ఇలాంటి శిష్యుడు ఒకడు తగులుతాడు.

మంద్రం_స

ఇద్దరికీ ధన్యవాదాలు. అయితే అపస్వరాన్ని పాపమనడం కూడా మానెయ్యాలా?

వివాది_మేళం

ముందు అపస్వరం, వివాది రెండూ ఒకటి కావని గుర్తించండి. అపస్వరం శ్రుతి తప్పడం. వివాది శ్రుతిలోనే ఉండి పక్కవాడితో పడనిది. శార్ఙ్గదేవుడు 13వ శతాబ్దంలో దేవగిరిలో రాసిన సంగీత రత్నాకరంలో వాది (ప్రధాన స్వరం) రాజు, సంవాది (దానితో పొసిగేది) మంత్రి, అనువాది (వెంట నడిచేది) సేవకుడు, వివాది శత్రువు. మీకు కావలసిన నీతిశాస్త్రం సగం అక్కడే ఉంది.

మిగతా సగం మేళకర్తల్లో (మిగతా రాగాలకు మూలమైన రాగాల్లో) చూడండి. 72లో 40 వివాది మేళాలే. ఘనరాగ పంచరత్నాల అయిదింటిలో నాట, వరాళి రెండూ ఆ కోవవే. శత్రువును గెంటెయ్యలేదు, నడక మార్చారు. నాటలో షట్శ్రుతి రిషభం, అంతర గాంధారం పక్కపక్కన ఇరుక్కుంటాయి. అందుకే అవరోహణ మామూలుగా "స ని ప మ రి స". గాంధారాన్ని దాటేసి మధ్యమం నుంచి రిషభానికి దిగుతారు. వరాళిని నేరుగా నేర్పితే గురుశిష్యులకు చెడుతుందన్న నమ్మకం కూడా మీ మఠానికి అచ్చంగా సరిపోతుంది.

తీగ_బిగువు

పరీక్ష కోసం ఇంకొకటి. శిష్యుడికి పన్నెండు తీగలిచ్చి, పంచమం వెంట పంచమం చొప్పున శ్రుతి చెయ్యమనండి, స్థాయి దాటినప్పుడల్లా కిందికి దించుకుంటూ. చుట్టు తిరిగి మొదటి తీగకు చేరేసరికి 23.5 సెంట్లు (సెంటు అంటే అర్ధస్వరంలో నూరో వంతు) మిగిలిపోతుంది, దాదాపు అర్ధస్వరంలో పావు వంతు. ఎంత శుద్ధంగా చేస్తే అంత కచ్చితంగా మిగులుతుంది. 3ను 3తో ఎన్నిసార్లు హెచ్చించినా 2ను 2తో హెచ్చించగా వచ్చేదానితో ఎన్నటికీ సమానం కాదు.

గురువు చూడాల్సింది శిష్యుడు ఆ మిగులును ఎక్కడ పెట్టాడని. అంతా చివరి పంచమం నెత్తిన రుద్దితే, 220 హెర్ట్జ్ షడ్జం మీద అది సెకనుకు దాదాపు తొమ్మిది విస్పందనాలతో (మోత పెరిగి తగ్గడాలతో) గరగరలాడుతుంది, మిగతా పదకొండూ నిర్మలంగా ఉంటాయి. తలా రెండు సెంట్లు తగ్గించి పంచితే అదే శ్రుతిలో నాలుగు సెకన్లకు మూడు చొప్పున మెల్లగా ఊగుతుంది. ఏ పంచమమూ శుద్ధం కాదు, ఏదీ చెవిలో గుచ్చుకోదు. రెండు రకాల శిష్యులూ మఠంలో ఉండాలి, గురువు ఎవరికి మార్కులు వేస్తాడో చివరిదాకా చెప్పకండి.