మునగాకు క్యాప్సూల్స్ బద్దీలో చేయించాలా, మన దగ్గరే చేయించాలా?

పాలకొండ రోడ్డు:
మాది శ్రీకాకుళం. మునగాకు నీడన ఎండబెట్టి, పొడి చేసి అమ్ముతున్నాం. కొనేవాళ్లు "క్యాప్సూల్స్ ఉంటే బాగుణ్ణు, పసరు వాసన ఉండదు" అంటున్నారు. సొంతంగా మిషన్లు పెట్టే స్తోమత లేదు, థర్డ్ పార్టీకే ఇవ్వాలి. హిమాచల్‌లోని బద్దీ కంపెనీ ఒకటి తక్కువ రేటు చెప్పింది. కాకపోతే మినిమమ్ ఆర్డర్ పెద్దది, సగం అడ్వాన్స్. విజయనగరం దగ్గర ఓ చిన్న యూనిట్ ఎంత తక్కువైనా చేసిస్తానంటోంది కానీ రేటు దాదాపు రెట్టింపు. మీరైతే ఎటు వెళ్తారు?

రాజాం షాపు:
ఆలోచించేదేముంది, బద్దీయే. మా కౌంటర్లో పోయే బలం మాత్రల్లో చాలావాటి వెనక బద్దీ, హరిద్వార్ అనే ఉంటుంది. కస్టమర్ బ్రాండ్ చూస్తాడు, ఎమ్మార్పీ చూస్తాడు, అంతే. రెట్టింపు రేటుకి చేయిస్తే నాకు మార్జిన్ ఎక్కణ్ణుంచి తెచ్చిస్తారు?

చీపురుపల్లి:
ఏటండీ ఇది! పైడిభీమవరంలో అన్ని మందుల కంపెనీలు పెట్టుకుని హిమాచల్ దాకా పోవడమా?

క్యూసీ ఉద్యోగి, రణస్థలం:
పైడిభీమవరంలో ఎక్కువగా చేసేది బల్క్ డ్రగ్స్, అంటే మాత్రలోకి వెళ్లే ముడి మందు. అది డ్రమ్ముల్లో బయటికి పోతుంది. మీ ఆకుపొడి క్యాప్సూల్లో నింపడం వాళ్ల పని కాదు.

ఊరి సంగతి తర్వాత. ముందు ఇద్దరి దగ్గరా ఎఫ్ఎస్ఎస్ఏఐ (కేంద్ర ఆహార భద్రత సంస్థ) నంబర్ అడగండి. 14 అంకెలుంటాయి. మొదటి అంకె 1 అయితే లైసెన్స్, 2 అయితే చిన్న వ్యాపారులకిచ్చే రిజిస్ట్రేషన్. హెల్త్ సప్లిమెంట్ చేయాలంటే యూనిట్ ఎంత చిన్నదైనా సెంట్రల్ లైసెన్స్ ఉండాల్సిందే. అందులో ఏ రకం సరుకుకి అనుమతి ఉందో కూడా చూడండి. బిస్కెట్ల లైసెన్స్ క్యాప్సూల్స్‌కి పనికిరాదు.

తర్వాత సీఓఏ, అంటే బ్యాచ్ పరీక్ష రిపోర్టు. పాత బ్యాచ్‌లవి నాలుగైదు తెప్పించుకుని పక్కపక్కన పెట్టండి. ఆకుపొడి అన్నాక తేమ ఒకదాంట్లో 5.1, ఇంకోదాంట్లో 6.4 ఉంటుంది. అన్నింట్లోనూ అచ్చంగా 5.0 ఉందంటే పరీక్ష జరగలేదు, టైపింగ్ జరిగింది. సీసం, ఆర్సెనిక్ ఎదురుగా "కంప్లైస్", అంటే పరిమితిలోనే ఉంది అని రాసిస్తే ఒప్పుకోకండి, అంకె అడగండి. ఈ.కోలై, సాల్మొనెల్లా అనే బ్యాక్టీరియా పరీక్షలు అసలు చేశారో లేదో చూడండి. ఒక శాంపిల్ మీరే ఎన్ఏబీఎల్ (ల్యాబ్‌లకి గుర్తింపునిచ్చే జాతీయ సంస్థ) గుర్తింపున్న ల్యాబ్‌కి పంపితే ఇంకా మంచిది.

రాజాం షాపు:
మీరు చెప్పేవన్నీ పెద్ద కంపెనీలకి సరే. ల్యాబ్ ఫీజులు కట్టుకుంటూ పోతే ఆయన పచ్చి ఆకు అమ్ముకోవడమే మేలు. అయినా తేడా వస్తే చేసినవాడిదే కదా బాధ్యత?

క్యూసీ ఉద్యోగి, రణస్థలం:
కాదు. 2006 ఆహార భద్రత చట్టం 27వ సెక్షన్ తయారీదారుతో పాటు పంపిణీదారునీ, అమ్మేవాడినీ కలిపే చెప్పింది. "షుగర్ తగ్గిస్తుంది" లాంటి తప్పుడు ప్రకటన వేస్తే 53వ సెక్షన్ కింద 10 లక్షల దాకా జరిమానా. మీ కౌంటర్ కూడా ఇందులో ఉంది సార్.

సోంపేట:
మాది ఉద్దానం. కిడ్నీ జబ్బుల కోసమే పలాసలో 2023లో ప్రత్యేక ఆసుపత్రి తెరిచారు. ఆకుపొడి ఒంటికి మంచిదంటే చాలు, డయాలసిస్‌కి వెళ్లొచ్చిన మనిషికి కూడా మజ్జిగలో ఓ చెంచా కలిపి ఇచ్చేస్తారు. మునగాకులో పొటాషియం ఎక్కువ, కిడ్నీలు పాడైనవాళ్లకి అది గుండె మీదకి తెస్తుంది. సీసం ఉంటే సరేసరి. "ఔషధంగా వాడరాదు" అన్నది రూల్ ప్రకారం ఎలాగూ వేయాలి. కిడ్నీ పేషెంట్లు డాక్టర్ని అడక్కుండా వాడొద్దని కూడా తెలుగులో, పెద్దక్షరాల్లో వేయండి. బద్దీయా, బొబ్బిలియా అన్నది మాకు తర్వాత మాట.

పాలకొండ రోడ్డు:
నంబర్లు అడిగాను. విజయనగరం యూనిట్‌ది 2తో మొదలైంది, ఇక దాని ఊసు లేదు. బద్దీ వాళ్లది సెంట్రల్ లైసెన్సే, సప్లిమెంట్స్ కూడా ఉన్నాయి. కానీ ఇప్పుడు కొత్త మెలిక పెట్టారు. పొడి వాళ్లే కొంటారట, నా ఆకు తీసుకోరట. ఎవరిదో పొడికి నా పేరు పెట్టుకోవడానికా ఇంత టెన్షన్?

క్యూసీ ఉద్యోగి, రణస్థలం:
జాబ్ వర్క్ అడగండి. సరుకు మీది, నింపినందుకు చార్జీ వాళ్లది. పొడిని ఇక్కడే పరీక్ష చేయించి రిపోర్టుతో పంపండి. మీ లాట్ నంబర్ వాళ్ల బ్యాచ్ రికార్డులో ఎక్కాలని అగ్రిమెంట్‌లో రాయించుకోండి. కుదరదంటే హైదరాబాద్‌లో వెతకండి.

రాజాం షాపు:
రానూపోనూ లారీ కిరాయి అదనం. ఇంకో లెక్క కూడా చూసుకోండి. 5 గ్రాముల పొడి తినాలంటే 500 మిల్లీగ్రాముల క్యాప్సూల్స్ 10 మింగాలి. సీసా ఎన్ని రోజులొస్తుంది?

పాలకొండ రోడ్డు:
ఆ లెక్క నేనూ వేశాను, అందుకే చిన్న ఆర్డర్ అంటున్నా. హైదరాబాద్‌లో ఇద్దర్ని జాబ్ వర్క్ రేటు అడిగాను, వచ్చాక ఇక్కడే పెడతా. సోంపేట వారు చెప్పిన హెచ్చరిక మాత్రం క్యాప్సూల్స్ దాకా ఆగదు, ఈ వారం నుంచే పొడి ప్యాకెట్ల మీద స్టిక్కర్ వేయిస్తున్నా.