అద్దె ఇల్లే, అయినా ఖాళీ చేయాలంటే ఏడుపొస్తోంది

కూకట్‌పల్లి అమ్మ:
పదకొండేళ్ళుగా ఉంటున్న ఇల్లు ఈ ఆదివారం ఖాళీ చేస్తున్నాం. ఓనర్ మంచాయనే, కొడుకు పెళ్ళి కుదిరిందని రెండు నెలల ముందే చెప్పారు, ఆషాఢం వచ్చేలోపు కొత్తింట్లో పాలు పొంగించేయాలని మా అత్తగారి టెన్షన్. సామాను సర్దడం ఏమంత కష్టమనిపించలేదు గానీ, వంటింటి గుమ్మానికి మా బాబు ఎత్తు ప్రతి పుట్టినరోజుకీ పెన్సిల్‌తో గీసిన గీతలున్నాయి, మొదటిది నా మోకాలికి జానెడు పైన. మేం వెళ్ళగానే పెయింటర్లు వస్తారట. రాత్రి అందరూ పడుకున్నాక అక్కడే కూర్చుని ఏడ్చాను. ఎవరికైనా ఇలా అయిందా?

వేములవాడ తమ్ముడు:
ఎందుకు కాదక్కా. మాది మిడ్ మానేరులో మునిగిన ఊరు. ఎవరిల్లు వాళ్ళే విప్పుకున్నాం, దూలాలు, పెంకులు, తలుపులు ట్రాక్టర్‌కెత్తాం. దర్వాజ పెకిలించేటప్పుడు మాత్రం మా నాయిన పనివాళ్ళను జరగమని తనే గడ్డపార పట్టాడు. కొత్త కాలనీ ఇంటికి అది పొట్టిగా ఉంటుందని మేస్త్రీ వద్దన్నా వినలేదు. ఇప్పటికీ నేను తల వంచుకునే లోపలికి పోతా.

బండి మీద బతుకు:
నాకైతే కోపమే వచ్చింది. పెయింటింగ్‌కని అడ్వాన్స్‌లో ఒక నెల అద్దె కోసేశారు, తాళాలు విసిరేసినంత పని చేశా. ఆర్నెల్ల తర్వాత ఆఫీసు నుంచి వస్తూ ఏదో ఆలోచనలో ఉండి బండి పాత సందులోకి తిప్పేశాను. మా బాల్కనీలో ఎవరి పిల్లలవో యూనిఫాంలు ఆరేసి ఉన్నాయి. టీ కొట్టు దగ్గర కాసేపు ఆగాల్సి వచ్చింది.

కర్నూలు చిన్నోడు:
మా అమ్మ పుట్టిన ఊరు 1981లో శ్రీశైలం డ్యామ్ నీళ్ళ కిందికి పోయింది. ఎండాకాలం నీళ్ళు తగ్గి సంగమేశ్వరం గుడి బయటపడితే వెళ్తాం. వేపలింగానికి దండం పెట్టుకున్నాక అమ్మ నీళ్ళ వైపు చెయ్యి చూపించి "అదిగో మన పెరడు, అక్కడే మునగచెట్టు" అంటుంది. ఏమీ కనపడదు, ఒట్టి నీళ్ళే. మేం ఆఁ ఆఁ అంటాం.
ఇంతకీ ఆ గీతల సంగతి, చార్ట్ పేపర్ గుమ్మానికి అంటించి ఒక్కో గీతా తేదీతో సహా దాని మీదికి ఎక్కించుకోండి. ఫోటో తీస్తే ఫోన్‌లో పడి ఉంటుంది, ఎవరూ చూడరు.

కూకట్‌పల్లి అమ్మ:
చార్ట్ దొరకలేదు, ఇంట్లో కొత్త చీర ఫాల్ ఒకటుంటే గుమ్మానికి పట్టి స్కెచ్ పెన్‌తో గీశాను. మూడో పుట్టినరోజు గీత వంకరగా ఉంది, స్కేలు పెట్టి సరిచేయమని బాబు ఒకటే గొడవ. వంకరగానే గీశాను.