స్టామ్‌ను అమ్మడం ఫెర్గూసన్ తప్పేనా? నేను కాదంటాను

కుర్చీకోచ్:
"ఫెర్గూసనే తప్పని ఒప్పుకున్నాడు, ఇంక చర్చేంటి" అని ఒక్క లైను రాసేసి వెళ్లిపోకండి. నిన్న రాత్రి మా తమ్ముడు ఆ ఒక్క మాటే పట్టుకుని కూర్చున్నాడు. అన్నం చల్లారిపోయింది గానీ వాదన తెగలేదు.

తెలియనివాళ్ల కోసం కాస్త వెనక్కి వెళ్తాను. యాప్ స్టామ్ నెదర్లాండ్స్ సెంటర్‌బ్యాక్, అంటే గోల్ ముందు మధ్యలో కాసే డిఫెండర్. (ఫోన్లో ఉండే యాప్ కాదు, అక్కడ అది మనిషి పేరు.) కాంపెన్ అనే ఊళ్లో పుట్టి, జ్వొల్లె, కాంబూర్, విల్లెమ్ టూ లాంటి చిన్న క్లబ్బులు దాటుకుంటూ 1996లో పీఎస్‌వీ చేరాడు. 1998లో ఫెర్గూసన్ మేనేజర్‌గా ఉన్న మాంచెస్టర్ యునైటెడ్ కోటీ 6 లక్షల పౌండ్లు పెట్టి కొంది. అప్పటికి ఒక డిఫెండర్‌కి అంత సొమ్ము చాలా ఎక్కువ. మూడు సీజన్లు ఆడితే మూడు లీగ్ టైటిళ్లు. మొదటి ఏడాదే లీగ్, ఎఫ్‌ఏ కప్, చాంపియన్స్ లీగ్ మూడూ వచ్చాయి. అలాంటివాణ్ని 2001 ఆగస్టులో, సీజన్ మొదలై పది రోజులు తిరక్కుండానే, సుమారు కోటీ 60 లక్షలకు రోమ్‌లోని లాజియోకి అమ్మేశారు. బదులుగా ఇటలీ క్లబ్బు ఇంటర్ మిలాన్ నుంచి 35 ఏళ్ల డిఫెండర్ లోరాన్ బ్లాన్ వచ్చాడు. ఆ ఏడాది యునైటెడ్‌కి మూడో స్థానం.

స్టామ్‌కి అప్పుడు 29. మడమ వెనక స్నాయువు, అదే అకిలీజ్, దెబ్బతిని నెలల తరబడి ఆటకు దూరమై అప్పుడే తిరిగొచ్చాడు. మూడేళ్లు వాడుకున్న డిఫెండర్‌ని కొన్న ధర కంటే యాభై లక్షలు ఎక్కువకి అమ్ముకుంటే అది తెలివైన బేరమే. తప్పు జరిగింది ఆ తర్వాత. ఖాళీ అయిన చోట బ్లాన్‌ని పెట్టి ఏడాది నెట్టుకొచ్చారు. మనవాళ్లు ఈ రెంటినీ ఒకే మూట కట్టేస్తున్నారు.

రాత్రిమ్యాచ్:
కోచ్ గారూ, అసలు సంగతి వదిలేసి మడమ పట్టుకున్నారేంటండీ? ఆ ఆగస్టులోనే స్టామ్ ఆత్మకథలోని భాగాలు ఇంగ్లండ్ పేపర్లో వచ్చాయి. పీఎస్‌వీకి తెలియకుండానే ఫెర్గూసన్ తనతో మాట్లాడాడని అందులో ఉంది. జట్టులో తోటివాళ్ల మీదా సెటైర్లున్నాయి. పేపర్లో వచ్చిన కొద్దిరోజులకే ఆటగాడు అమ్ముడుపోయాడు. ఇది కాకతాళీయం అంటే నేను నమ్మను.

ఈ మాట అతనికి ఎక్కడ చెప్పారో తెలుసా? స్టామ్ తర్వాత చెప్పుకున్నదాన్ని బట్టి, కారులో ఇంటికి వెళ్తుంటే ఫెర్గూసన్ ఫోన్ చేసి ఒక పెట్రోల్ బంకు దగ్గర ఆగమన్నాడట. అక్కడే, కార్లో కూర్చుని, నిన్ను అమ్మేస్తున్నాం అన్నాడట. బేరం మీదే ధ్యాస ఉన్నవాడు ఆఫీసుకి పిలిచి చెప్తాడు గానీ బంకు దగ్గర చెప్పడు. ఇది కోపం.

కుర్చీకోచ్:
కోపం ఉండొచ్చు, లేదని ఎవరన్నారు? ఫెర్గూసన్ మాత్రం పుస్తకం వల్ల కాదనే అంటూ వచ్చాడు. అది పక్కనపెట్టినా, కోపంతో చేసినంత మాత్రాన నిర్ణయం తప్పయిపోదు. మా మేనమామ కోపంతో అమ్మిన స్థలం పక్కనుంచి రోడ్డు పడలేదు, సంతోషపడ్డాడు.

లెక్కలపుస్తకం:
నాకు కథల కంటే అంకెలిష్టం. యునైటెడ్ లీగ్‌లో తిన్న గోల్స్ చూడండి. 1998-99లో 37. 1999-2000లో 45. 2000-01లో 31. స్టామ్ పోయిన 2001-02లో మళ్లీ 45.

స్టామ్ ఉండి 45 తిన్న ఏడాది 91 పాయింట్లు, రెండో జట్టు కంటే 18 ఎక్కువ. స్టామ్ లేక 45 తిన్న ఏడాది 77 పాయింట్లు. తిన్న గోల్స్ అక్షరాలా సమానం! ఇక 31 మాత్రమే తిన్న ఏడాది స్టామ్ లీగ్‌లో ఆడింది 15 మ్యాచ్‌లే. ఎక్కువ భాగం వెస్ బ్రౌన్ అనే కుర్రాడు కాశాడు. బ్రౌన్ 28 ఆడాడు. అంటే స్టామ్ లేకుండా నడపొచ్చని ఫెర్గూసన్ కళ్లారా చూశాడు. ఆయన స్థానంలో నేనున్నా అమ్మేవాణ్ని.

రాత్రిమ్యాచ్:
లెక్కల మాస్టారూ, మీ లెక్క బాగుంది, గోల్‌కీపర్‌ని మర్చిపోయారంతే. 1999లో ష్మైకెల్ వెళ్లిపోయాక ఆ సీజన్లో బోస్నిచ్, తైబీ, వాన్ డెర్ గౌ అని ముగ్గురు మారారు. చెల్సీ చేతిలో 5-0 ఓడిన ఏడాది అది. 2000లో బార్తెజ్ వచ్చాడు, 31కి దిగింది. మీ అంకెల్లో సగం గోల్‌కీపర్ జాతకమే.

లెక్కలపుస్తకం:
ఒప్పుకుంటా. కానీ 2001-02లోనూ బార్తెజే ఉన్నాడుగా? అదే కీపర్, 14 గోల్స్ ఎక్కువ. దానికీ జవాబు కావాలి.

బ్యాక్‌ఫోర్:
జవాబు నేను చెప్తా మాస్టారూ. ఆ వేసవిలో మారింది స్టామ్ ఒక్కడే కాదు. లాజియో నుంచే మిడ్‌ఫీల్డర్ వెరోన్ వచ్చాడు, 2 కోట్ల 80 లక్షలకు. పీఎస్‌వీ నుంచి స్ట్రైకర్ వాన్ నిస్టెల్‌రూయ్ వచ్చాడు. వెరోన్‌ని ఇరికించడానికి అన్నేళ్లుగా ఆడుతున్న 4-4-2ని (నలుగురు డిఫెండర్లు, నలుగురు మిడ్‌ఫీల్డర్లు, ఇద్దరు ఫార్వర్డ్‌లు) కదిపారు. డిఫెన్స్ ముందు కాపలా పల్చబడింది. సహాయ కోచ్ స్టీవ్ మెక్‌లారెన్ మిడిల్స్‌బరో మేనేజర్‌గా వెళ్లిపోయాడు. ఆ మార్చిలో అదే మిడిల్స్‌బరో యునైటెడ్ సొంత మైదానం ఓల్డ్ ట్రాఫర్డ్‌కి వచ్చి 1-0తో గెలిచి పోయింది! పైగా ఆ ఏడాది చివర్లో రిటైరవుతానని ఫెర్గూసన్ ముందే చెప్పేశాడు, ఫిబ్రవరిలో గానీ మనసు మార్చుకోలేదు. ఇన్ని కదిలినప్పుడు స్టామ్ ఒక్కణ్నే చూపించి కారణం అనడం ఎలా?

కాకపోతే కోచ్ అన్నా, మీ వాదనలో నాకు ఒకటి నచ్చలేదు. బ్లాన్‌ని అంత తేలిగ్గా తీసేస్తున్నారు. ప్రపంచ కప్పు, యూరో రెండూ గెలిచిన మనిషి. అతని రాకలో బోల్టన్, లివర్‌పూల్, ఆర్సెనల్, న్యూకాజిల్, చెల్సీ చేతుల్లో ఓడారు. ఇంగ్లీషులో ఆ అయిదింటి మొదటి అక్షరాలు కూడితే బ్లాన్ పేరే (BLANC) వస్తుందని అప్పట్లో జోకు. జోకు బ్రహ్మాండం. కానీ డిసెంబరు 8న వెస్ట్‌హామ్‌తో సొంత గడ్డ మీద ఓడాక యునైటెడ్ వరుసగా 8 లీగ్ మ్యాచ్‌లు గెలిచింది, అదే బ్లాన్ జట్టులో ఉండగా. ఆ సంగతి ఎవరూ చెప్పరు.

శాన్‌సీరో:
మీరంతా 2001 దగ్గరే ఆగిపోయారు. స్టామ్ ఆట అయిపోయిందా లేదా అన్నది ఆ తర్వాతి ఆరేళ్లు చెప్తాయి. ఎంత ఆడాడో చూడండి. లాజియోలో మొదటి ఏడాది నాండ్రోలోన్ అనే నిషిద్ధ మందు కేసు వచ్చి నెలల నిషేధం పడింది. అది వెనక్కి లాగింది, నిజమే. అయినా 2004లో యువెంటస్‌ని ఓడించి లాజియో ఇటలీ కప్పు గెలిచింది, అతని చేతిలోనూ పతకం. తర్వాత మిలాన్. 2005 చాంపియన్స్ లీగ్ ఫైనల్, ఇస్తాంబుల్. కఫూ, స్టామ్, నెస్టా, మల్దీనీ. ఈ నాలుగు పేర్లు ఒక వరుసలో రాస్తుంటే నాకు ఇంకా ఒళ్లు జలదరిస్తుంది. 3-0 ఆధిక్యం ఎలా పోయిందో అడగొద్దు, అది వేరే చర్చ. ఆ సీజన్లోనే అదే మిలాన్ యునైటెడ్‌ని రెండు లెగ్గుల్లోనూ 1-0తో ఇంటికి పంపింది. చివరికి అయాక్స్‌లో, 35 ఏళ్ల వయసులో, 2007లో ఆట మానాడు. చెడిపోయిన సరుకు అన్నది ఈ మనిషినా?

కుర్చీకోచ్:
సీరో బ్రో, ఇక్కడ నేను కొంచెం తగ్గాలి. గాయం తర్వాత స్టామ్ "ఒక అడుగు తగ్గాడు" అన్న ఫెర్గూసన్ అంచనా ఇటలీలో నిలబడలేదు. కానీ ఇటలీలో డిఫెన్స్ వెనక్కి నిలబడి కాస్తుంది, పక్కన నెస్టా లాంటివాడు ఉంటాడు. ఇంగ్లండ్‌లో మధ్య గీత దాకా ఎక్కి కాయాలి, వెనక ముప్పై గజాలు ఖాళీ. మడమ నొప్పి ఉన్నవాడికి రెండో పని కష్టం. మిలాన్‌లో మెరిశాడు కాబట్టి ఇక్కడా మెరిసేవాడే అని గ్యారంటీ ఇవ్వలేం.

బంకుదగ్గర:
అప్పుడు ట్రాన్స్‌ఫర్ విండో (ఆటగాళ్లను కొనుక్కునే గడువు) మూసేస్తుంది కదా? ఆగస్టు చివర్లో అమ్మితే మంచివాణ్ని వెతకడానికి టైం ఎక్కడిది పాపం?

బ్యాక్‌ఫోర్:
విండోలు 2002-03 నుంచి వచ్చాయి తమ్ముడూ. ఆ సీజన్లో మార్చి చివరిదాకా కొనుక్కోవచ్చు. ఆ సాకు చెల్లదు.

శాన్‌సీరో:
ఖాళీ నింపలేదు అంటున్నారు కోచ్ గారు. ఎవరితో నింపాలి? సోల్ క్యాంప్‌బెల్ ఆ జులైలోనే టాటెన్‌హామ్ నుంచి ఆర్సెనల్‌కి ఫ్రీగా వెళ్లిపోయాడు. తురామ్ పార్మా వదిలి యువెంటస్ చేరాడు. ఫెర్డినాండ్‌ని లీడ్స్ 2000 నవంబరులోనే కోటీ 80 లక్షలకు కొనేసింది. ఆగస్టు చివరికి సంతలో సరుకు లేదు. బదులు చేతిలో లేకుండా ఉన్నవాణ్ని అమ్మితే అది అమ్మకంలోని తప్పే అవుతుంది. మీ రెండు మూటలూ ఒకే మూట.

కుర్చీకోచ్:
ఇది గట్టి దెబ్బ. మా తమ్ముడికి ఈ పాయింటు తట్టలేదు, చెప్పొద్దు.

అయినా పూర్తిగా లొంగను. లాజియో డబ్బు చూపించింది ఆగస్టులో. ఏడాది ఆగితే? లాజియో కుప్పకూలడం మొదలైంది, యజమాని క్రాన్యోట్టి 2003 జనవరికల్లా తప్పుకున్నాడు. 30 ఏళ్ల స్టామ్‌కి 2002లో ఆ ధర ఎవరిస్తారు? 2002 జులైలో యునైటెడ్ సుమారు 3 కోట్లు పెట్టి ఫెర్డినాండ్‌ని తెచ్చింది, 2003లో టైటిల్ తిరిగొచ్చింది, తిన్న గోల్స్ 34. ఒక ఏడాది పోయింది, పదేళ్లకి సరిపడా సెంటర్‌బ్యాక్ వచ్చాడు.

రాత్రిమ్యాచ్:
ఆ ఒక్క ఏడాదే కదండీ మా ప్రాణం తీసింది! 2002 మే 8న ఓల్డ్ ట్రాఫర్డ్‌లో ఆర్సెనల్ 1-0తో గెలిచి టైటిల్ ఎత్తుకుపోయింది. వారం ముందే లెవర్‌కూజెన్ చేతిలో చాంపియన్స్ లీగ్ సెమీఫైనల్ బయటి గోల్స్ లెక్కన (సమమైతే పరాయి మైదానంలో ఎక్కువ కొట్టినవాళ్లదే గెలుపు) పోయింది, రెండు మ్యాచ్‌లూ డ్రా. ఆ ఫైనల్ గ్లాస్గోలో, ఫెర్గూసన్ సొంత ఊళ్లో. హాస్టల్ టీవీ గదిలో మేం నలుగురమే మిగిలాం. వార్డెన్ వచ్చి లైటు తీసేశాడు, ఎవ్వరం మాట్లాడలేదు. రెండు డ్రాలు, ఒక్క గోల్ తేడా. స్టామ్ ఉంటే అది ఆగేది కాదని ఎవరు చెప్పగలరు?

(పెనాల్టీలకు వెళ్లి ఉంటే మాత్రం వద్దు. 2000 యూరో సెమీస్‌లో ఇటలీ మీద బంతిని ఆకాశంలోకి పంపినవాడు.)

లెక్కలపుస్తకం:
2000-01లో స్టామ్ ఆడిన 15 మ్యాచ్‌లూ, ఆడని 23 మ్యాచ్‌లూ విడివిడిగా తీస్తే ఏమైనా తేలొచ్చు. ఆదివారం కూర్చుని తీసి పెడతాను.

రాత్రిమ్యాచ్:
తియ్యండి మాస్టారూ. టైటిల్ ఖాయమయ్యాక ఏప్రిల్, మేలో సరదాగా ఆడిన మ్యాచ్‌లు మాత్రం కలపకండి.