నా నాటకంలోని పంపు మల్లయ్యను సినిమాలో తీసేయమంటున్నారు, రాబర్ట్ బోల్ట్ గురించి తెలిసినవాళ్లు చెప్పండి

మర్రిగూడ టీచర్:
అందరికీ నమస్కారం. మాది నల్లగొండ జిల్లా మర్రిగూడ మండలం. ప్రభుత్వ హైస్కూల్లో తెలుగు చెప్తాను. నాలుగేళ్ల కింద ఫ్లోరైడ్ నీళ్ల మీద గంట నాటకం రాసి పిల్లలతో వేయించాను. అందులో పంపు మల్లయ్య అని ఒక పాత్ర ఉంది. తువ్వాలు తలకు చుడితే సర్పంచ్, మెడలో వేసుకుంటే డాక్టర్, నడుముకు బిగిస్తే బోర్లు వేసే కాంట్రాక్టర్. మధ్యమధ్యలో జనంతో నేరుగా మాట్లాడతాడు. ఊళ్లో మొదటిసారి వేసినప్పుడు "మీ ఇంట్ల ఎన్ని మోకాళ్లు సక్కగున్నయి?" అని మల్లయ్య అడిగితే, ముందు వరుసలో కూర్చున్న ఒక తాత "ఒక్కటి లేదు బిడ్డా" అని జవాబిచ్చాడు. మల్లయ్య వేషం వేసిన పిల్లవాడు తర్వాతి మాట మర్చిపోయి అట్లాగే నిలబడ్డాడు.

ఇప్పుడు హైదరాబాద్ నుంచి కొందరు యువకులు దీన్ని సినిమా తీస్తామని వచ్చారు. స్క్రీన్‌ప్లే నన్నే రాయమన్నారు, కానీ మల్లయ్య వద్దంటున్నారు. రెండు పేజీల అగ్రిమెంట్ కూడా పంపారు, ఆదివారం లోపు సంతకం పెట్టాలట. టెన్షన్‌తో నిద్ర పట్టడం లేదు. ఇంగ్లండ్ నాటక రచయిత రాబర్ట్ బోల్ట్ కూడా బడిలో పాఠాలు చెప్తూ నాటకాలు రాసి, తర్వాత సినిమాలకు వెళ్లాడని విన్నాను. ఆయన ఇలాంటి చోట ఏం చేశాడు?

వనపర్తి లెక్చరర్:
మేడమ్, బోల్ట్ నాటకం 'ఎ మ్యాన్ ఫర్ ఆల్ సీజన్స్' నేను డిగ్రీ పిల్లలకు చాలా ఏళ్లు చెప్పాను. మీ మల్లయ్య గురించి చదవగానే ఒళ్లు జలదరించింది. ఆ నాటకంలోనూ సరిగ్గా ఇలాంటివాడు ఉన్నాడు, పేరు కామన్ మ్యాన్. స్టేజీ మీదే బుట్టలోంచి బట్టలు తీసి మార్చుకుంటూ నౌకరవుతాడు, పడవవాడవుతాడు, జైలు కాపలావాడవుతాడు. చివరికి కథానాయకుడు థామస్ మోర్ తల నరికే తలారీ తనే.

బోల్ట్ 1924లో మాంచెస్టర్ దగ్గర సేల్ అనే ఊళ్లో పుట్టాడు. టీచర్‌గా ఉంటూనే బీబీసీ రేడియోకు నాటకాలు రాశాడు. ఇది కూడా 1954లో మొదట రేడియోకు రాసిందే. లండన్‌లో స్టేజీ ఎక్కింది 1960లో. 1966లో సినిమా అయినప్పుడు స్క్రీన్‌ప్లే ఆయనే రాశాడు, కామన్ మ్యాన్‌ను ఆయనే తీసేశాడు. నౌకరు, పడవవాడు, తలారి వేరువేరు మనుషులైపోయారు. ఆ స్క్రీన్‌ప్లేకు ఆస్కార్ వచ్చింది. అంతకు ముందటి ఏడాది సినిమా 'డాక్టర్ జివాగో'కూ వచ్చింది. సినిమా గొప్పదే. కానీ నాటకంలో తలారి ముసుగు తీస్తే తెలిసిన ముఖమే కనబడుతుంది చూడండి, ఆ దెబ్బ సినిమాలో లేదు. నాకు ఇప్పటికీ అది లోటే.

సంతకం సంగతి కూడా చెప్పాలి. 1961లో అణ్వాయుధాలకు వ్యతిరేకంగా జరిగిన ఆందోళనలో బోల్ట్, ఇక మీద బుద్ధిగా ఉంటానని రాసివ్వనని జైలుకు వెళ్లాడు. నెల శిక్ష. అప్పటికి ఆయన రాస్తున్న 'లారెన్స్ ఆఫ్ అరేబియా' సినిమా స్క్రిప్ట్ ఇంకా పూర్తి కాలేదు. నిర్మాత శామ్ స్పీగెల్ వెంటపడి ఒప్పించాడు. బోల్ట్ సంతకం పెట్టి శిక్ష పూర్తి కాకముందే బయటికొచ్చాడు. ప్రమాణం చేయనన్నందుకు తల పోగొట్టుకున్న మనిషి మీద నాటకం రాసిన చెయ్యి అది. ఆ సంతకం ఆయన్ను చాలాకాలం బాధపెట్టింది. మీకు ఆదివారం వరకే గడువు పెట్టారంటే నాకు అదే గుర్తొచ్చింది.

మిర్యాలగూడ ఏడీ:
అక్కా, నేను ఆరేళ్లుగా అసిస్టెంట్ డైరెక్టర్‌గా చేస్తున్నా. ముందు అగ్రిమెంట్‌లో మీ పేరు ఏ టైటిల్ కార్డు మీద, ఎట్లా పడుతుందో రాయించుకోండి. 'లారెన్స్'కే బోల్ట్ కంటే ముందు మైఖేల్ విల్సన్ అనే అమెరికన్ పనిచేశాడు. సినిమా 1962లో వస్తే ఆయన పేరుకు గుర్తింపు 1995లో దొరికింది. అప్పటికి ఆయన చనిపోయి పదిహేడేళ్లు. నా మొదటి సినిమాకు రెండు సీన్లు రాశాను, టైటిల్స్‌లో వెతుక్కుంటే నా పేరు లేదు. అమ్మ పక్కనే కూర్చుని చూస్తోంది.

మల్లయ్య విషయంలో మాత్రం వాళ్ల మాట పూర్తిగా తీసిపారేయకండి. నీళ్లలో ఫ్లోరైడ్ తీసే మన నల్లగొండ టెక్నిక్ ఉంది కదా, బకెట్ నీళ్లలో పటిక, సున్నం వేసి కలిపి గంటసేపు కదపకుండా వదిలేస్తారు. తెల్లటి మడ్డి అడుక్కి దిగడం, ఒక ముసలమ్మ తేరిన నీళ్లు చెంబుతో మెల్లగా పైపైన ముంచుకోవడం దగ్గరనుంచి చూపిస్తే, మల్లయ్య పది మాటల్లో చెప్పేది వచ్చేస్తుంది. ఎక్కడ బొమ్మ సరిపోతుందో అక్కడ ఆయన్ను తగ్గించండి. సరిపోని చోట ఉంచమని కొట్లాడండి.

మర్రిగూడ టీచర్:
సార్, తమ్ముడూ, ఇద్దరికీ దండాలు. ఆదివారం సంతకం పెట్టనని చెప్పేశాను. పేరు విషయం రాసిచ్చాకే మాట్లాడదామన్నాను, సరేనన్నారు. ఈ సాయంత్రం స్కూల్ అయ్యాక బకెట్ సీన్ రాశాను. మూడే మాటలు పట్టాయి. తువ్వాలు మార్చే సీన్లు పోతాయి, దానికి మనసు ఒప్పుకుంది. మోకాళ్ల ప్రశ్న మాత్రం పోదు. సినిమాలో మల్లయ్య దాన్ని కెమెరా వైపు తిరిగి ఒక్కసారే అడుగుతాడు. జవాబు ఎవరూ చెప్పరు.