కోవూరు దగ్గర పెన్నా వంతెన నిలబడింది, రోడ్డు ఎందుకు తెగింది?

పడుగుపాడు వాసి:

అందరికీ నమస్కారం. మాది కోవూరు పక్కన పడుగుపాడు. 2021 నవంబరు వరద ఇక్కడ చాలామందికి గుర్తుండే ఉంటుంది. పెన్నా పొంగి మా దగ్గర హైవే తెగింది. రైలు కట్ట కూడా కోతపడి, కంకర కొట్టుకుపోయి రైళ్లు ఆగిపోయాయి. విజయవాడ వైపు నుంచి వచ్చే బళ్లు అటూ, చెన్నై వైపు నుంచి వచ్చేవి ఇటూ బారులు తీరాయి. అయినా పెన్నా మీద వంతెన చెక్కుచెదరలేదు. ఏటి మధ్యలో ఉన్నదానికి ఏమీ కాలేదు, ఒడ్డున ఉన్న రోడ్డు మాత్రం ఎట్లా తెగింది? టీ కొట్టు దగ్గర ఎవరినడిగినా "నాసిరకం పని" అనే అంటారు. అదొక్కటే కారణమా?

ఇంకో మాట. మా తాత దీన్ని ఎప్పుడూ హైవే అనలేదు, ట్రంకు రోడ్డు అనేవాడు. నెల్లూరు ఊళ్లో ఉన్న ట్రంకు రోడ్డూ ఇదీ ఒకటేనా?

మూడోది మా సొంత సమస్య. మా పక్క ఒక కాలువ మీద పాత వంతెన ఉంది. దాని పిట్టగోడలో రావి మొక్క మొలిచి ఇప్పుడు నా నడుం ఎత్తు పెరిగింది. గోడ పగిలి కింద ఇటుక కనబడుతోంది. పంచాయతీలో అడిగితే మాది కాదన్నారు. రోడ్ల ఆఫీసులో అడిగితే హైవే వాళ్లది అన్నారు. ఎవరికి చెప్పాలి?

పాత వర్క్ ఇన్‌స్పెక్టర్, ఒంగోలు:

నాయనా, మంచి ప్రశ్న అడిగావు. నేను ఆర్ అండ్ బీలో వర్క్ ఇన్‌స్పెక్టరుగా చేసి రిటైరయ్యాను. కావలి, కందుకూరు, ఒంగోలు పక్కల రోడ్ల మీదే నా సర్వీసంతా గడిచింది. నాకు తెలిసింది చెబుతాను.

మీ తాత అన్న మాట సరైనదే. మద్రాసు నుంచి కలకత్తా పోయే ఈ దారిని ఇంగ్లీషు వాళ్ల కాలంలో గ్రాండ్ నార్తర్న్ ట్రంక్ రోడ్డు అనేవాళ్లు. చెన్నైలో ఇప్పటికీ జీఎన్‌టీ రోడ్డు అనే బోర్డులు కనబడతాయి. నెల్లూరు ట్రంకు రోడ్డు, ఒంగోలు ట్రంకు రోడ్డు ఆ దారి ఊళ్ల మధ్య నుంచి పోయిన ముక్కలే. తర్వాత బైపాసులు వచ్చి హైవే ఊరి బయటికి జరిగింది. చాలాకాలం అది ఐదో నంబరు జాతీయ రహదారి. 2010లో దేశమంతా నంబర్లు మార్చినప్పుడు 16 అయింది.

మొదట్లో సరుకుల బరువంతా ఈ రోడ్డు మీద లేదు. బకింగ్‌హాం కాలువలో పడవలు నడిచేవి. 1899కల్లా మద్రాసు, బెజవాడ మధ్య రైలు కలిసింది. లారీలు పెరిగాకే రోడ్డు మీద అసలు భారం పడింది. ఢిల్లీ, ముంబై, చెన్నై, కలకత్తాలను కలిపే స్వర్ణ చతుర్భుజి పథకం కింద నాలుగు వరసలు చేసినప్పుడు చాలాచోట్ల పాత వంతెనను ఒకవైపు రాకపోకలకు ఉంచి, పక్కనే రెండోవైపుకు కొత్తది కట్టారు. ఆ తర్వాత చిలకలూరిపేట నుంచి నెల్లూరు దాకా ఆరు వరసలు వచ్చాయి. అందుకే ఈ దారిలో ఒకే ఏటి మీద పక్కపక్కనే వేర్వేరు వయసుల వంతెనలు ఉంటాయి. కారులో పోయేవాళ్లకు తేడా తెలియదు. కిందికి దిగి గడ్డర్లు, అంటే పిల్లర్ల మీద పరిచిన దూలాలు చూస్తే ఏది ఏ కాలందో చెప్పొచ్చు.

ఇప్పుడు రోడ్డు ఎందుకు తెగిందో చూద్దాం. పెన్నా వంతెన పిల్లర్లు ఇసుకలో లోతుకు దించిన బావుల మీద, అంటే బావి ఆకారంలో కట్టిన పునాదుల మీద నిలబడి ఉంటాయి. వంతెన కట్టేటప్పుడే ఎంత వరద రావచ్చు, ఇసుక ఎంత లోతు కోతపడొచ్చు అని లెక్కగట్టి ఆ బావులు దించుతారు. వంతెన దాటాక రోడ్డు మట్టి కట్ట మీద పోతుంది. ఏటికి అడ్డంగా పోసిన ఆ కట్ట వరద రోజున చెరువు కట్ట అయిపోతుంది. తేడా ఒకటే. చెరువు కట్టకు అలుగు ఉంటుంది, రోడ్డు కట్టకు ఉండదు.

ఆ నవంబరులో పెన్నాలో కలిసే చెయ్యేరు మీద అన్నమయ్య ప్రాజెక్టు మట్టికట్ట 19న తెగింది. పెన్నా మీద సోమశిల డ్యాం నుంచే 5 లక్షల క్యూసెక్కులకు పైగా వదిలారు. అంత నీళ్లు వంతెన ఖానాల్లో, అంటే పిల్లర్ల మధ్య దారుల్లో పట్టక కోవూరు పక్క పొలాల మీద పడ్డాయి. ఏటి ఒడ్డున వరదను ఆపడానికి వేసిన పొర్లుకట్టలు కూడా ఆపలేకపోయాయి. రోడ్డుకు పడమటి పక్క నీళ్లు ఎత్తుకు నిలిచాయి. అవి ఒకచోట తారు మీదుగా పొర్లి తూర్పు వాలు మీద దూకడం మొదలుపెట్టాయి. వాలు అడుగున మట్టి కొట్టుకుపోతుంది, కోత వెనక్కి తింటూ తారు కిందికి వస్తుంది. కాసేపటికి పైన తారు పొర ఒక్కటే మిగిలి, అదీ విరిగి పడుతుంది. తారు ఎంత మందం వేసినా ఆ దూకుడుకు ఆగదు. రైలు కట్టకు జరిగింది కూడా ఇదే. కాబట్టి నాసిరకం పని అని ఒక్క మాటతో తేల్చేయకండి. నీళ్లు దాటిపోయే దారి చాలకపోవడమే అసలు జబ్బు. పాత రోజుల్లో వరద నీళ్లు పోవడానికి ఉన్న చిన్న వాగులు, కాలువలు చాలాచోట్ల పూడిపోయాయి. కొన్నిచోట్ల వాటి మీద ఇళ్లు లేచాయి. మిగిలిన తూముల్లో సగం గుర్రపుడెక్కతో నిండి ఉన్నాయి. మా సర్వీసులో ఏ వంతెన చూసినా చెడగొట్టింది నీళ్లు నిలవడమో, నీళ్లకు దారి లేకపోవడమో. బరువు లారీలు తర్వాత సంగతి.

నమ్మకం లేకపోతే వాన పడుతున్నప్పుడు ఏదైనా పాత వంతెన అంచు చూడు. పిట్టగోడ అడుగున చిన్న గొట్టాలు ఉంటాయి, పైన పడిన వాన బయటికి పోవడానికి. వాటిలో మట్టి, బీడీ కట్టలు, ప్లాస్టిక్ గ్లాసులు, వడ్ల లారీల నుంచి రాలిన గింజలు మొలిచిన నారు, అన్నీ ఇరుక్కుని ఉంటాయి. నీళ్లు గొట్టంలో దిగక జాయింటు దగ్గరికి, అంటే వంతెన పలకల మధ్య వదిలిన సందు దగ్గరికి పోతాయి. జాయింటులో రబ్బరు చిరిగిపోయి ఉంటే నేరుగా పిల్లరు తల మీద కారతాయి. అక్కడే గడ్డరును మోసే బేరింగు ఉంటుంది. పాత వంతెనల్లో ఇనుప రోలర్లు, ఈమధ్యవాటిలో రబ్బరు దిమ్మలు. ఎండకు గడ్డరు సాగి, చల్లబడ్డాక ముడుచుకుంటుంది కాబట్టి ఆ బేరింగు కదలాలి. మట్టి పేరుకుని, తడికి తుప్పు పట్టి రోలరు బిగుసుకుపోతే గడ్డరు లాగుడంతా పిల్లరు తల మీద పడి కాంక్రీటు చిట్లుతుంది. ఆ చీలికలోంచి నీళ్లు లోపలి ఊచలను అందుకుంటాయి. ఊచ తుప్పు పడితే ఉబ్బుతుంది. ఉబ్బితే పైన పెచ్చు ఊడుతుంది. ఇంత దూరం వచ్చేది గొట్టంలో ఇరుక్కున్న గుప్పెడు మట్టి వల్ల. గ్యాంగు కూలీలు ఇనుప చువ్వతో పొడిస్తే ఒక పూటలో అయిపోయే పని అది.

ఆ కూలీలే ఇప్పుడు లేరు. ఒకప్పుడు ఫలానా మైళ్లు నీవి అని అప్పజెప్పిన మనుషులు ఉండేవాళ్లు. కత్తి, పార, గంప తీసుకుని రోజూ అదే దారిలో తిరిగేవాళ్లు. ఏ తూములో ఏముందో వాళ్లకు తెలుసు. వాళ్లు రిటైరయ్యాక ఆ ఖాళీలు నింపలేదు. టెండరు పిలిచి చేయించే పనికి చిన్న మరమ్మతులు కనబడవు.

ఇంకోటి మన జిల్లాలకే ప్రత్యేకం. వానలకు ముందు ఒకసారి, తర్వాత ఒకసారి వంతెనలు చూడాలని రూలు ఉంది. కానీ చాలాచోట్ల 'వానలకు ముందు' అంటే జూన్‌కు ముందు అనే లెక్క. నెల్లూరు, ప్రకాశం జిల్లాలకు గండం అక్టోబరు నుంచి డిసెంబరు దాకా. మే నెలలో తీసిన పూడిక అక్టోబరుకు మళ్లీ నిండుతుంది. మనకు తూములు శుభ్రం చేయాల్సింది సెప్టెంబరులో. ఈ మాట నేను మీటింగుల్లో చెప్పీ చెప్పీ అలసిపోయాను, ఇప్పుడు మీకు చెబుతున్నాను.

టంగుటూరు లారీ:

పెద్దాయన చెప్పింది అక్షరాలా నిజం. మేం మూసి, పాలేరు, మన్నేరు అన్నీ రోజూ దాటేవాళ్లమే. జాయింటు చెడిన వంతెన మా నడుముకు ముందే తెలుస్తుంది. లోడుతో ఉన్నప్పుడు ముందు చక్రం దిగి "ధడ్" మంటుంది, వెనకాల యాక్సిల్ మళ్లీ కొడుతుంది. కొత్తగా తారు వేసినప్పుడు జాయింటు మీద కూడా తారు పోసి కప్పేస్తారు. కొన్నాళ్లు నున్నగా ఉంటుంది, తర్వాత అదే చోట అడ్డంగా పగులుతుంది.

2021లో నేను కావలి దగ్గర ఆగిపోయాను. మా వాళ్ల బళ్లు కొన్ని పామూరు, దర్శి మీదుగా తిరిగి వచ్చాయి. ఆ దారుల్లో చప్టాలు, సన్న కల్వర్టులే. హైవే బళ్లన్నీ ఒక్కసారి అటు పోయేసరికి రోడ్డు అంచులు కుంగిపోయాయి. హైవే తెగితే తిరిగిపోయే దారి కూడా గట్టిగా ఉండాలి కదా. దాని గురించి ఎవరూ మాట్లాడరు.

నాదొక సందేహం. అంత బాధ ఎందుకు, ఆ నాలుగైదు కిలోమీటర్లు రోడ్డును ఇంకో రెండు మీటర్లు లేపేస్తే సరిపోదా?

గూడూరు టీచరమ్మ:

అన్నా, రోడ్డు లేపమనే ముందు పక్క ఊళ్లను కూడా గుర్తు పెట్టుకోండి. 2015 నవంబరు వానల్లో మా గూడూరు దగ్గర నీళ్లు హైవే ఎక్కి బళ్లు ఆగిపోయాయి. అది అందరూ టీవీలో చూశారు. రోడ్డు ఎత్తుకు ఆగిన నీళ్లలో నిలబడ్డ ఇళ్లను ఎవరూ చూపించలేదు. మా బడి పిల్లల పుస్తకాలు ఎండబెట్టుకోవడానికి కూడా పొడి నేల లేదు. రోడ్డు ఇంకా లేస్తే ఆ ఇళ్ల సంగతేంటి?

పాత వర్క్ ఇన్‌స్పెక్టర్, ఒంగోలు:

టీచరమ్మ చెప్పిందే నా మాట కూడా. రోడ్డు లేపితే లారీ ఆగదు, ఊరు మునుగుతుంది. పైగా ఎత్తు పెరిగితే నీళ్లు ఇంకా పైనుంచి దూకుతాయి, తెగిన రోజున గండి పెద్దదవుతుంది. చేయాల్సింది ఖానాలు పెంచడం. మట్టి కట్ట ఉన్నచోట అక్కడక్కడా వరద కోసమే కల్వర్టులు పెట్టాలి. మామూలు రోజుల్లో వాటిలో చుక్క నీరు ఉండదు, డబ్బు దండగ అంటారు. దండగ కాదు. పొర్లే అవకాశం ఉన్నచోట తూర్పు వాలుకు రాతి పరుపు, అడుగున నేల మీద రాళ్ల పరుపు (ఏప్రాన్) వేస్తే రోడ్డు మీదుగా నీళ్లు పోయినా కట్ట తెగదు.

టంగుటూరు తమ్ముడు చెప్పిన జాయింటు మీద తారు సంగతి నేనూ చూశాను. కదలాల్సినదాన్ని కప్పేస్తే అది తన చోటు తనే చేసుకుంటుంది. తారు వేసేవాళ్లకు జాయింటు దగ్గర ఆపమని నిలబడి చెప్పే మనిషి కావాలి.

ఇసుక గురించి ఒక్క మాట. వంతెనకు 500 మీటర్ల లోపు ఇసుక తీయకూడదని వాల్టా, అంటే నీరు, నేల, చెట్ల చట్టం నిబంధనల్లోనే ఉంది. ఏటి పడక దిగిపోతే పిల్లరు కింది బావి నెత్తి బయటపడుతుంది. లెక్కగట్టిన లోతు లెక్కలోనే మిగిలిపోతుంది. వేసవిలో ఏటిలోకి దిగినప్పుడు పిల్లరు మొదట్లో నిరుటికన్నా ఎక్కువ కాంక్రీటు కనబడుతోందా అని చూడండి. పిల్లరు మీద పాత వరదల గుర్తులు పెయింటుతో రాసి ఉంటాయి, వాటినుంచి కిందికి కొలిస్తే తేడా తెలుస్తుంది.

కొత్త బ్యారేజీల వల్ల కొంత మేలు జరిగింది. 2022 సెప్టెంబరులో నెల్లూరు, సంగం బ్యారేజీలు రెండూ మొదలయ్యాయి. వాటి మీద రోడ్లు కూడా ఉన్నాయి. ఏరు వస్తే సంగం, పొదలకూరు మధ్య పాత ఆనకట్ట దారి మూసుకుపోయేది, ఆ బాధ తీరింది. గేట్లు ఎత్తే యంత్రాలకు, ఆ వంతెన జాయింట్లకు కూడా ఇప్పటినుంచే ఏటేటా గ్రీజు, శుభ్రం ఉండాలి.

ఇక పడుగుపాడు అబ్బాయి రావి మొక్క. ముందు ఆ రోడ్డు ఎవరిదో తేల్చుకో. దగ్గర్లో కిలోమీటరు రాయి చూడు. తల పసుపు రంగైతే జాతీయ రహదారి, ఆకుపచ్చ అయితే రాష్ట్ర రహదారి. జాతీయ రహదారి అయితే 1033కి ఫోన్ చేయొచ్చు. బైపాసు వచ్చాక వదిలేసిన పాత ముక్క అయితే ఆర్ అండ్ బీ డీఈ ఆఫీసులోనో, మునిసిపాలిటీలోనో రికార్డు ఉంటుంది. ఎవరూ ఒప్పుకోకపోతే సోమవారం కలెక్టరేట్ గ్రీవెన్సులో అర్జీ ఇవ్వు. రసీదు తీసుకో. అర్జీలో "పాత వంతెన" అని రాస్తే ఎవరికీ అర్థం కాదు. రాయి మీద నంబరు, ఏ కాలువ, ఏ వైపు పిట్టగోడ అని రాయి. ఫోటోలో మొక్కతో పాటు పగులు కూడా పడాలి, పక్కన స్కేలో, చెప్పో పెట్టి తీస్తే సైజు తెలుస్తుంది.

నువ్వు మాత్రం దాన్ని పీకబోకు. వేరు గోడ లోపల ఎంత దూరం పోయిందో తెలియదు, లాగితే ఇటుకలు కూడా వస్తాయి. పైన నరికితే వారం తిరగకుండా చిగురేస్తుంది. మొదలు కోసి, వేరు చచ్చే మందు పోసి, అది ఎండాక పగులులో సిమెంటు పాలు ఎక్కించాలి. అది మేస్త్రీ పని.

పడుగుపాడు వాసి:

చాలా థ్యాంక్స్ పెద్దాయనా. ఇప్పుడే పోయి చూసొచ్చాను. రాయి తల పసుపే కానీ రంగు వెలిసిపోయి నంబరు సగమే కనబడుతోంది. వంతెన కింద తూము కూడా సగం దాకా గుర్రపుడెక్కే. రెండు ఫోటోలూ పెడుతున్నాను, ఒకసారి చూసి అర్జీలో ఇంకేం రాయాలో చెప్పండి.

పాత వర్క్ ఇన్‌స్పెక్టర్, ఒంగోలు:

చూశాను. మొక్క కంటే తూము తొందర. అర్జీలో దాన్నే మొదట రాయి, సెప్టెంబరు లోపల తీయించాలని అడుగు. నంబరు కనబడకపోతే తర్వాతి రాయి దాకా నడిచి అది చదువు. అక్కడినుంచి వెనక్కి 200 మీటర్ల రాళ్లు లెక్కపెడితే సరిపోతుంది.