బీజీజీలో కొత్త కార్డు ఆటకి పేజీ పెట్టించడం: ఎప్పుడు పంపాలి, ఫారంలో ఏం రాయాలి?

జోకర్‌ముక్క:

బోర్డు ఆటల వెబ్‌సైటు బోర్డ్‌గేమ్‌గీక్ (బీజీజీ) డేటాబేస్‌లో ఒక కార్డు ఆటని చేర్పించాలి. 2 నుంచి 4 మంది ఆడేది, 72 కార్డులు, ఒక స్కోరు పుస్తకం, 30 నుంచి 45 నిమిషాల ఆట. డిజైనర్ ఒకరు, బొమ్మలు వేసినవాళ్లు ఇద్దరు. ముగ్గురి పేర్లూ వెతికితే అక్కడ లేవు. పబ్లిషర్ అంటూ కంపెనీ ఏమీ లేదు, డిజైనరే సొంతంగా అచ్చు వేయిస్తున్నారు. క్రౌడ్‌ఫండింగ్ (జనం దగ్గర ముందే డబ్బు పోగుచేయడం) ముందస్తు పేజీ అందరికీ కనిపిస్తోంది గానీ డబ్బు పోగుచేసే ప్రచారం ఇంకా మొదలవలేదు. డబ్బాలు జనం చేతికొచ్చేది వచ్చే ఏడాదే.

ఇప్పుడే పంపొచ్చా, లేక డబ్బాలు వచ్చేదాకా ఆగాలా? లేని పేర్లని ఎలా ఎక్కించాలి? మెకానిక్‌ల (ఆట ఆడే పద్ధతుల) జాబితా చూస్తే కళ్లు తిరుగుతున్నాయి, అందులో ఎన్నింటికి టిక్ పెట్టాలి? ఇంకో చిక్కు: ఇదే ఆట 18 కార్డుల చిన్న రూపంలో, ఇంట్లో ప్రింటు తీసుకుని ఆడుకునేలా, చాలాకాలంగా నెట్‌లో ఉచితంగా ఉంది. అది వేరే ఆట కిందకి వస్తుందా?

పచ్చపావు:

ముందు వెతకడం గురించి. ఆట పేరుని రెండు మూడు స్పెల్లింగులతో వెతకండి, డిజైనర్ పేరుతో కూడా వెతకండి. 18 కార్డుల రూపం ఏళ్లుగా నెట్‌లో ఉందంటున్నారు కాబట్టి దాన్ని ఆడినవాళ్లెవరో ఇప్పటికే పేజీ పెట్టించి ఉండొచ్చు. ఉన్న ఆటనే మళ్లీ పంపితే తిరిగి రావడం ఖాయం. ఒకే పేరుతో వేరే ఆట కనిపిస్తే కంగారు పడక్కర్లేదు, అక్కడ ఆటని గుర్తుపట్టేది పేరుతో కాదు, పేజీ అడ్రసులో ఉండే నెంబరుతో. కాటాన్ అనే బోర్డు ఆటది 13, చదరంగానిది 171. పేరు తర్వాత మారినా నెంబరు మారదు.

ఎప్పుడు పంపాలన్నదానికి ఒకటే కొలత: మీరు ఫారంలో రాసిన ప్రతి ముక్కనీ బయటి మనిషి ఎక్కడో ఒకచోట చూసి సరిచూసుకోగలగాలి. ఫారం చదివేది అడ్మిన్‌లు, అంటే మనుషులే. డిజైనర్ ఇంట్లో మాత్రమే ఉన్న నమూనాకి పేజీ ఇవ్వరు. మీకు అందరికీ కనిపించే ముందస్తు పేజీ ఉంది కాబట్టి ఇప్పుడే పంపొచ్చు. ఆ లింకుని ‘అడ్మిన్‌కి గమనిక’ అనే పెట్టెలో పెట్టండి. చాలామంది ఆ పెట్టెని ఖాళీగా వదిలేస్తారు, నా లెక్కన ఫారం మొత్తంలో ముఖ్యమైన పెట్టె అదే. రూల్‌బుక్ పీడీఎఫ్ ఎక్కడైనా పెట్టి ఉంటే దాని లింకు కూడా ఇవ్వండి. ప్రచారం మొదలయ్యే రోజుకి పేజీ కావాలనుకుంటే ఆ రోజు పంపి లాభం లేదు, కొన్ని వారాల ముందే పంపాలి. అడ్మిన్‌లు చదవాల్సిన ఫారాల క్యూ ఎంత పొడుగుందో దాన్నిబట్టే జవాబు వస్తుంది.

సంవత్సరం గడిలో డిజైన్ చేసిన ఏడాదీ, డబ్బు పోగుచేసిన ఏడాదీ వేయకండి. ఆట మొదట జనానికి అందిన ఏడాది, లేదా అందుతుందని ప్రకటించిన ఏడాది రాయాలి. తర్వాత ఆలస్యమైతే సవరణ పంపితే సరిపోతుంది.

ఆటగాళ్ల సంఖ్య, సమయం, వయసు డబ్బా మీద ఎలా ఉంటే అలాగే. "నిజానికి ముగ్గురితోనే బాగుంటుంది" అన్న అభిప్రాయానికి అక్కడ చోటు లేదు, దానికి పేజీ వచ్చాక ఆడినవాళ్లు ఓటేసే పోల్ వేరే ఉంది. ఆట ఎంత బరువైనదో చెప్పే 1 నుంచి 5 అంకె కూడా ఓట్లతో వచ్చేదే, మీరు నింపేది కాదు.

వివరణలో ప్రకటన భాష వద్దు. "అద్భుతమైన", "ఇంటిల్లిపాదీ మెచ్చే" లాంటివి కొట్టేయండి. ఇతివృత్తం రెండు వాక్యాల్లో, ఒక వంతులో ఆటగాడు ఏం చేస్తాడో నాలుగైదు వాక్యాల్లో, ఆట ఎలా ముగుస్తుంది, ఎవరు గెలుస్తారు అన్నది ఒక వాక్యంలో. క్రౌడ్‌ఫండింగ్ పేజీ నుంచి ఎత్తి రాస్తే చివర గీత గీసి ఇది డిజైనర్ ఇచ్చిన వివరణ అని చెప్పడం అక్కడి ఆనవాయితీ. దీనికి తోడు పేరు కింద కనిపించే చిన్న వివరణ ఒకటి ఉంటుంది, 85 అక్షరాలు దాటకూడదు. అందులో ఆట పేరు మళ్లీ రాసి చోటు పాడుచేసుకోకండి.

రూల్‌బుక్‌పురుగు:

పేర్ల సంగతి నేను చెప్తాను. డిజైనర్, ఆర్టిస్ట్, పబ్లిషర్ గడులు మామూలు రాత గడులు కావు. డేటాబేస్‌లో ఇప్పటికే ఉన్న పేజీకి లింకు కలపాలి, అంతే. పేజీ లేని మనిషికి ముందు మనిషి పేజీ విడిగా పంపాలి. మీ ముగ్గురికీ మూడు ఫారాలు. డబ్బా మీద పేరు ఎలా అచ్చవుతుందో అక్షరం పొల్లుపోకుండా అదే స్పెల్లింగు ఇవ్వండి. ఇంటిపేరు ఒకచోట పొడి అక్షరంగా, ఇంకోచోట పూర్తిగా ఇస్తే ఒకే మనిషికి రెండు పేజీలు పుడతాయి, తర్వాత వాటిని కలపమని అడుక్కోవడం పెద్ద తలనొప్పి. మూడు ఫారాల్లోనూ గమనికలో "ఫలానా కొత్త ఆట కోసం" అని రాయండి, ఏ ఆటా లేని మనిషి పేజీ ఎందుకని అడ్మిన్‌కి అనుమానం రాదు.

పబ్లిషర్ లేకపోతే గడి ఖాళీగా వదలకూడదు. ఇలాంటి సందర్భాలకనే బ్రాకెట్లలో ఉండే ప్రత్యేక ఎంట్రీలు కొన్ని ఉన్నాయి. సొంతంగా అచ్చు వేయించుకున్నదానికి సెల్ఫ్ పబ్లిష్డ్, నెట్‌లో ఫైలుగా మాత్రమే ఇచ్చినదానికి వెబ్ పబ్లిష్డ్, చదరంగం లాంటి ఎవరి సొత్తూ కాని ఆటకి పబ్లిక్ డొమైన్. డబ్బా మీద ఏదైనా ముద్ర పేరు, లోగో వేస్తున్నారా? వేస్తే అది కంపెనీగా రిజిస్టర్ కాకపోయినా దాని పేరుతో పబ్లిషర్ పేజీ అడగొచ్చు. రెండో ఆట కూడా అదే పేరుతో వచ్చేలా ఉంటే అదే మంచిది.

మెకానిక్‌లు: ఆట నుంచి దాన్ని తీసేస్తే ఆటే కూలిపోతుందా అని అడగండి. కూలిపోతే టిక్ పెట్టండి. ఈ పరీక్షలో కార్డు ఆటలకి సాధారణంగా మూడు నుంచి ఐదు మిగులుతాయి. చేతిలో కార్డులున్నాయి కదా అని హ్యాండ్ మేనేజ్‌మెంట్ పెట్టేవాళ్లు కోకొల్లలు, కార్డుని ఏ వరసలో, ఎప్పుడు వదలాలన్నదే అసలు తల నొప్పి అయితేనే అది. ఆడుతూ ఆడుతూ కట్టని పెంచుకునేది డెక్, బ్యాగ్ అండ్ పూల్ బిల్డింగ్. ఆటకి కూర్చోకముందే కట్టని కూర్చుకుని రావడం డెక్ కన్‌స్ట్రక్షన్. ఈ రెండింటినీ తారుమారు చేయడం అన్నిటికన్నా ఎక్కువ కనిపించే పొరపాటు. ఇక కేటగిరీలో పడేది కార్డు ఆటా, యుద్ధమా, జంతువులా లాంటి రకమూ ఇతివృత్తమూ. ఎలా ఆడతారన్నది మెకానిక్.

పచ్చపావు గారూ, ఒక్క విషయంలో మీతో ఏకీభవించను. ముందస్తు పేజీ దశలోనే పంపడం కుదురుతుంది, నిజమే. కానీ ఆ దశలో కార్డుల సంఖ్య, సమయం, ఒక్కోసారి ఆట పేరే మారుతుంది. మారిన ప్రతిదానికీ ఒక సవరణ, ప్రతి సవరణకీ మళ్లీ క్యూ. రూల్‌బుక్ ఖాయమయ్యేదాకా ఆగితే ఒకే దెబ్బతో అయిపోతుంది.

పచ్చపావు:

కార్డుల సంఖ్య వివరణలో రాయకపోతే సరి, దానికి విడిగా గడి లేదుగా! పేరు మాత్రం ఖాయమయ్యాకే పంపాలి, అది ఒప్పుకుంటాను.

ఆరుముఖాలు:

18 కార్డుల ప్రశ్నని ఇద్దరూ దాటేశారు. అక్కడ ఆట వేరు, వెర్షన్ వేరు. బొమ్మలు, భాష, డబ్బా, పబ్లిషర్ మారితే కొత్త ఆట కాదు, అదే పేజీ కింద ఇంకో వెర్షన్. నియమాలు గణనీయంగా మారితేనే కొత్త పేజీ. అప్పుడు కొత్తది పాతదానికి రీఇంప్లిమెంటేషన్ (పాత ఆటని మార్చి చేసిన కొత్త ఆట) అని రెండింటికీ లింకు కలుపుతారు. 18 నుంచి 72 అయ్యిందంటే కార్డులు పెరిగాయా, లేక ఒక వంతులో చేసే పనులు, లెక్కించే పద్ధతి కూడా మారాయా? పాత రూల్‌బుక్ పట్టుకుని కొత్త డబ్బాతో ఆడగలిగితే అది వెర్షన్. పాతదానికి ఇప్పటికే పేజీ ఉంటే ఈ తేడా ఇంకా ముఖ్యం, ఎందుకంటే రేటింగులన్నీ ఆట పేజీకే చేరతాయి. వెర్షన్‌గా వెళ్తే పాత రేటింగులు కలిసొస్తాయి, కొత్త పేజీ అయితే సున్నా నుంచి మొదలు. ర్యాంకు రావడానికి కనీసం 30 రేటింగులు కావాలి. అందుకని ఎక్కువ ఖాతాలు తెరిచి ఓట్లు వేయించుకోవాలని మాత్రం చూడొద్దు, పట్టుకుంటారు, తీసేస్తారు.

వెర్షన్‌లో భాష, ముద్రణ, డబ్బా కొలతలు, బరువు, ప్రొడక్ట్ కోడ్ ఇవ్వొచ్చు. డబ్బా చేతిలో లేనప్పుడు కొలతలు ఊహించి వేయకండి, ఖాళీగా ఉంచడమే నయం. షెల్ఫులో పడుతుందో లేదో చూసుకునేవాళ్లు ఆ అంకెల్ని నమ్ముతారు. రెండు భాషల రూల్‌బుక్ ఉంటే ఒకే వెర్షన్‌కి రెండు భాషలూ ఎంచుకోవచ్చు. డబ్బా మీద పేరు రోమన్ కాని లిపిలో ఉంటే రోమన్ అక్షరాల్లో రాసిన రూపం కూడా ఇవ్వండి.

ప్రచారంలో అదనంగా ఇచ్చే ప్రోమో కార్డులు ఆటని మారిస్తే అవి ఎక్స్‌పాన్షన్ (మూల ఆటకి కలిపి ఆడే అదనపు భాగం), మూల ఆటకి లింకుతో వేరే ఎంట్రీ. కార్డు తొడుగులు, పరుచుకునే మ్యాటు యాక్సెసరీ (ఆటతో వాడే అదనపు సామాను) కిందకి వస్తాయి. అందరి డబ్బాలోనూ వచ్చేవాటికి విడిగా ఏమీ అక్కర్లేదు.

బొమ్మలు పేజీ ఆమోదం పొందాకే ఎక్కించగలరు. వాటినీ సభ్యులు చూసి ఓటేస్తారు, మసకగా ఉన్నవీ, ఉన్నదాన్నే మళ్లీ పెట్టినవీ తిరస్కరిస్తారు. డబ్బా ముందు భాగం చదునుగా, అంచులు కత్తిరించి, ఒకటి. కార్డులన్నీ పరిచినది ఒకటి. అంతకుమించి మొదటి రోజు అవసరం లేదు.

జోకర్‌ముక్క:

వెతికాను, 18 కార్డులదానికి పేజీ ఉంది, డిజైనర్ గడిలో ఎవరి పేరూ లేదు, అన్‌క్రెడిటెడ్ (ఎవరిదో చెప్పలేదు) అని ఉంది. కొత్తదాంట్లో వేలంపాట చేరింది, లెక్క కూడా మారింది.

ఆరుముఖాలు:

అయితే కొత్త పేజీయే. గమనికలో పాత పేజీ నెంబరు ఇచ్చి, వేలం, లెక్క రెండూ మారాయని ఒక్కో వాక్యంలో చెప్పండి, లేకపోతే డూప్లికేట్ అనుకుని వెనక్కి పంపుతారు. వరస ఇలా పెట్టుకోండి: ముందు డిజైనర్ పేజీ, అది రాగానే పాత ఆటలో అన్‌క్రెడిటెడ్ తీసి ఆయన పేరు కలిపే సవరణ, ఆ తర్వాత కొత్త ఆట. కొత్తది చదివే అడ్మిన్ పాత పేజీ తెరిచేసరికి రెండు చోట్లా ఒకే పేరు కనిపించాలి.