కాలభంగం అంటువ్యాధిలా పాకితే, చట్టం రోజులను ఎవరి గడియారంతో లెక్కించాలి?

ప్రశ్న

నేను రాస్తున్న నవలకు ఒక కల్పిత చట్టం అవసరమైంది. దానికి కాలభంగ సంక్రమణ నిరోధక చట్టం అని పేరు పెట్టుకున్నాను. మన దేశపు ప్రామాణిక కాలానికి ఆధారమైన 82½ డిగ్రీల తూర్పు రేఖాంశం తుని ప్రాంతం మీదుగా పోతుంది కనుక, కథను అక్కడి ఒక ఊరిలో నడిపిస్తున్నాను. ఒక ఉదయం ఆ ఊరిలో ఒకే గంట మళ్ళీ మళ్ళీ రావడం మొదలవుతుంది. టీ కొట్టులో పాలు మూడుసార్లు పొంగి మూడుసార్లూ పొయ్యిని ఆర్పేస్తాయి, గిన్నెలో పాలు మాత్రం తగ్గవు. ఆ ఊరి నుండి బస్సెక్కిన మనిషి వల్ల కండక్టరుకు కూడా అదే సోకుతుంది. ఇచ్చిన టికెట్టునే మళ్ళీ ఇస్తాడు, ఇచ్చిన సంగతి అతనికి గుర్తుండదు. వస్తువులు వెనక్కి వస్తాయి కాని శరీరాలు రావు, గడ్డమూ గోళ్ళూ పెరుగుతూనే ఉంటాయి.

ఏడవ సెక్షనులో "సోకిన ప్రాంతం నుండి వచ్చిన ప్రతి వ్యక్తిని 21 రోజులు విడిగా ఉంచవలెను" అని రాసి ఆగిపోయాను. బయట 7 రోజులు గడిచేసరికి లోపలి మనిషి శరీరం 21 రోజులు బతికి ఉండవచ్చు. అతన్ని ఎప్పుడు వదలాలి? చదివేవారికి ఇది నిజమైన చట్టంలా అనిపించాలంటే ఇంకా ఏమేమి ఉండాలి?

మొదటి సమాధానం

నేను వృత్తిరీత్యా న్యాయవాదిని. ముందు 1897 నాటి అంటువ్యాధుల చట్టాన్ని చదవండి. బొంబాయిలో ప్లేగు వ్యాపించినప్పుడు చేసిన ఆ చట్టంలో మొదట ఉన్నవి నాలుగే సెక్షన్లు. ప్రభుత్వం అవసరమనుకున్న చర్య ఏదైనా తీసుకోవచ్చునని ఒకటి, ధిక్కరిస్తే శిక్ష అని ఒకటి, సదుద్దేశంతో చేసిన పనికి అధికారిపై దావా వేయరాదని ఒకటి ఉన్నాయి కాని, నిర్బంధంలో ఉన్న మనిషికి ఏ హక్కులు మిగులుతాయో ఒక్క ముక్క కూడా లేదు. పుణెలో ఇళ్ళలోకి చొరబడి చేసిన సోదాల మీద పుట్టిన ఆగ్రహంతోనే 1897 జూన్ 22 రాత్రి చాపేకర్ సోదరులు ప్లేగు అధికారి రాండ్‌పై కాల్పులు జరిపారు. మీ చట్టంలో ఆ లోటు ఉండకూడదని నా కోరిక.

లెక్క విషయానికి వస్తే, కాలాన్ని పక్కన పెట్టడం చట్టానికి కొత్త కాదు. బ్రిటన్ క్యాలెండరు మార్చుకున్న 1752లో సెప్టెంబరు 2 తరువాతి రోజు 14 అయింది. పోయిన 11 రోజుల వల్ల అద్దెలు, అప్పుల గడువులు ముందుకు రాకూడదని, మనిషి వయసును నిజంగా గడిచిన రోజులతోనే లెక్కించాలని ఆ చట్టమే చెప్పింది. మన సుప్రీంకోర్టు కోవిడ్ కారణంగా 2020 మార్చి 15 నుండి 2022 ఫిబ్రవరి 28 వరకు ఉన్న కాలాన్ని దావాల కాలపరిమితి లెక్క నుండి మినహాయించింది. దాదాపు రెండేళ్ళు గడిచాయి, గడువుల లెక్కలో మాత్రం గడవలేదు. కాబట్టి ఏ లెక్క నిర్బంధితునికి మేలు చేస్తే ఆ లెక్కే చెల్లాలని రాయండి. శరీరం 21 రోజులు బతికితే అతను విడుదల కావాలి.

రెండవ సమాధానం

సర్వర్ల నిర్వహణ నా పని కనుక, సోకడం అనే మాట దగ్గర నాకు ఒక అనుభవం ఉంది. కంప్యూటర్లు తమకన్నా పై మెట్టులో ఉన్న గడియారాలను అడిగి సమయం సరిచేసుకుంటాయి, అందుచేత పైన తప్పు పడితే కిందికి పాకుతుంది. 2012 నవంబరు 19న అమెరికా నౌకాదళ అబ్జర్వేటరీ వారి రెండు సర్వర్లు కొద్దిసేపు 2000వ సంవత్సరాన్ని చూపించాయి. వాటినే నమ్ముకున్న యంత్రాలు పన్నెండేళ్ళు వెనక్కి పోయాయి. పలు గడియారాలను పోల్చి చూసుకునేవి ఆ రెండింటినీ పక్కన పెట్టి నిలబడ్డాయి. అందువల్లనే మేము కనీసం నాలుగు గడియారాలు పెట్టుకుంటాము. ఎవరికి సోకిందో ఒక్క అధికారి చేతి గడియారాన్ని బట్టి తేల్చరాదని, ఒకదానితో ఒకటి సంబంధం లేని గడియారాలు సాక్ష్యమివ్వాలని మీ చట్టం చెప్పాలి. ఆ అధికారికే సోకి ఉంటే అతనికి తెలిసే మార్గం లేదు, మీ కండక్టరు లాగే.

ఇంకొకటి, వెనకబడిన గడియారాన్ని ఒక్కసారిగా ముందుకు దూకించము, వీలున్నంతవరకు నెమ్మదిగా దారికి తెస్తాము. విడుదల కూడా అలాగే మెల్లమెల్లగా జరిగితే నమ్మదగినదిగా ఉంటుంది.

మూడవ సమాధానం

న్యాయవాదిగారి సూత్రం ప్రభుత్వానికీ మనిషికీ మధ్య సరిపోతుంది. ఇద్దరు మనుషుల మధ్య అది నిలవదు. ఊరి లోపల ఉన్న రైతు బయటి వ్యక్తికి అప్పు పడి ఉంటే, వడ్డీని 7 రోజులకు కట్టాలా, 21 రోజులకు కట్టాలా? అటువంటి చోట ఇద్దరూ ఒప్పుకునే ఉమ్మడి లెక్క ఒకటి ఉండాలి, అది బయటి లెక్కే కావాలి.

మన పంచాంగం ఈ చిక్కును ఎప్పుడో ఎదుర్కొంది. 2023లో శ్రావణం రెండుసార్లు వచ్చింది. అధిక శ్రావణంలో పెళ్ళిళ్ళు, గృహప్రవేశాలు పెట్టుకోలేదు. వరలక్ష్మీ వ్రతం నిజ శ్రావణంలోనే చేసుకున్నాము. నిత్యపూజ మాత్రం రెండు నెలలూ ఆగలేదు. అదనంగా వచ్చిన కాలాన్ని పెద్దలు కొట్టిపారేయలేదు, ఏ పని అందులో చెల్లుతుందో, ఏది ఆగాలో విడదీశారు. మీ చట్టం కూడా అలా విడదీయాలి. మళ్ళీ వచ్చిన గంటలో పెట్టిన సంతకం, జరిగిన రిజిస్ట్రేషను చెల్లకూడదు. వేసిన మందు, పట్టిన పాలు, చేసిన పురుడు చెల్లాలి.

ప్రశ్న అడిగినవారి జవాబు

ముగ్గురికీ కృతజ్ఞతలు. ఏడవ సెక్షనును ఇలా మార్చాను: "విడిగా ఉంచబడిన వ్యక్తి దేహము 21 దినములు గడిపినట్లు, పరస్పర సంబంధము లేని నాలుగు గడియారములలో కనీసము మూడింటి సాక్ష్యముతో వైద్యుడు ధ్రువీకరించిన వెంటనే అతని విడుదల ప్రారంభము కావలెను. అప్పులు, అద్దెలు, ఒప్పందముల గడువులు బయటి దినములను బట్టియే లెక్కింపబడును. పునరావృత ఘడియలో జన్మించిన శిశువు మొదటిసారి జన్మించిన క్షణమే ఆ శిశువు జన్మసమయము."

చివరి వాక్యం మూడవ సమాధానంలోని పురుడు అన్న మాట వల్ల వచ్చింది. ఆ మంత్రసానికి ఇప్పుడు కథలో ఒక అధ్యాయం ఇస్తున్నాను.